అమ్మ దాచిన ఉత్తరాల్లో బాపు ఓడ

పోయిన దసరా సెలవుల ముందు మా బాబుకు బడిలో ఒక పని ఇచ్చారు. ఇంట్లో పెద్దవాళ్ళలో ఒకరు చేసిన ఉద్యోగం గురించి చార్టు మీద రాసి, బొమ్మ అతికించి తేవాలి. వాడు ఏడో తరగతి. తాత నేవీలో చేశాడంటే వాడికి చాలా గొప్ప. నన్ను అడగకుండానే ఫోన్‌లో ఐఎన్ఎస్ శక్తి అని కొట్టి, వచ్చిన ఫొటోను మా హనుమకొండ కాలనీ జిరాక్స్ షాపులో కలర్ ప్రింట్ తీయించుకొచ్చాడు. దాని కింద స్కెచ్ పెన్నుతో "మా తాతయ్య పనిచేసిన నౌక" అని రాశాడు.

బాపు కళ్ళద్దాలు పెట్టుకుని చాలాసేపు చూశాడు. చూసి, "గిది నా ఓడ కాదు" అన్నాడు.

వాడు ఒప్పుకోలేదు. ఫోన్ తెచ్చి చూపించాడు. "పేరు చూడు తాతా, ఐఎన్ఎస్ శక్తి. ట్యాంకర్ అని కూడా ఉంది. పక్కన నంబరు ఏ57."

"పేరు గదే, నంబరు గదే. ఓడ మాత్రం గది కాదు" అన్నాడు బాపు. చార్టు తిరిగిచ్చేసి, బయట అరుగు మీదికి పోయి కూర్చున్నాడు. నేను చాయ్ తీసుకుని వెళ్తే, నా వైపు చూడకుండానే ఒక మాట అన్నాడు. "తోపులున్న ఓడల చేసినోళ్ళకైతే ఫొటోలు దొరుకుతయి. మాది నూనె ఓడ. ఎవలు తీస్తరు బిడ్డా?"

ఆ మాట నాకు లోపల గుచ్చుకుంది. బాపు 15 ఏళ్ళు నేవీలో చేసి 2001లో ఇంటికి వచ్చాడు. ఆ తర్వాత ఒక బ్యాంకులో గార్డుగా చేశాడు. పెళ్ళిళ్ళలో, పండుగలప్పుడు ఊరికి పోతే అందరూ అడిగేది ఒక్కటే: "యుద్ధంల కాల్చినవా?" లేదని చెప్పేసరికి వాళ్ళు వేరే మాటలోకి పోయేవాళ్ళు. ఆయన ఏం చేశాడో మేమూ ఎప్పుడూ కూర్చుని అడిగింది లేదు. సరే, సెలవుల్లో ఆయన ఓడ కథ నేనే రాసిపెడతాను అనుకున్నాను. పది రోజుల పని అనుకున్నది ఏడు నెలలు పట్టింది. నాలాగా సైనికుల ఇళ్ళలో పుట్టిన పిల్లలు మన వరంగల్ చుట్టుపక్కల చాలామంది ఉన్నారు. వాళ్ళకు పనికొస్తుందని ఎలా చేశానో చెబుతున్నాను.

మొదట తేలాల్సింది ఆ రెండు శక్తుల సంగతి. నేవీలో ఒక ఓడ పని ముగించి వెళ్ళిపోయాక, దాని పేరును కొత్త ఓడకు పెట్టడం ఆనవాయితీ. తాత పేరు మనవడికి పెట్టినట్టే. మా వాడు ప్రింట్ తీసినది ఇటలీలో ఫిన్‌కాంటియేరి కంపెనీ కట్టిన ఓడ. 2011 అక్టోబర్ 1న విశాఖపట్నంలో నౌకాదళంలో చేరింది. బాపు ఓడ అంతకుముందుది. జర్మనీలో, బ్రెమెన్ నగరంలోని బ్రెమర్ వుల్కాన్ అనే షిప్‌యార్డులో తయారై 1970ల మధ్యలో మనకు వచ్చింది. 30 ఏళ్ళు పైబడి పనిచేసి 2007 జులైలో సెలవు తీసుకుంది. దానికి ఒక అక్క కూడా ఉంది, దీపక్ అని. అదే షిప్‌యార్డులో పుట్టి 1967లో చేరింది, 1996లో వెళ్ళిపోయింది. దాని పేరూ మళ్ళీ 2011లోనే ఇంకో కొత్త ఓడకు పెట్టారు. అంటే రెండు పేర్లు, నాలుగు ఓడలు. ఎక్కడ చదివినా ఇవి ఒకదాంట్లో ఒకటి కలిసిపోతుంటాయి. అందుకే మొదటి రోజే పొడుగు నోట్‌బుక్ ఒకటి కొని, ఎడమ పేజీ పైన పాత శక్తి అని, కుడి పేజీ పైన కొత్త శక్తి అని రాసుకున్నాను. ఈ పనికి దిగేవాళ్ళకు నేను చెప్పే మొదటి మాట కూడా ఇదే: పేరు చూసి నమ్మొద్దు, సంవత్సరం చూడండి.

తర్వాత బాపు రేకు పెట్టె తెరిచాం. నల్ల రంగు పెట్టె, మూత మీద తెల్ల పెయింట్‌తో ఆయన పేరు, సర్వీసు నంబరు. డిస్చార్జ్ కాగితాలు అందులోనే ఉన్నాయి కానీ, ఏ ఓడలో ఎప్పటి నుంచి ఎప్పటిదాకా చేశాడో రాసిన పేజీకి చెద పట్టి సగం పోయింది. 1986లో ఒడిశాలోని చిల్కాలో మొదటి ట్రైనింగ్, తర్వాత లోనావాలాలో శివాజీ అనే కేంద్రంలో ఇంజిన్ పని నేర్చుకోవడం, అంతవరకే చదవగలిగాం. శక్తి దగ్గరికి వచ్చేసరికి అంచు మాత్రమే మిగిలింది.

హనుమకొండలోని సైనిక సంక్షేమ కార్యాలయానికి బాపును తీసుకునిపోయాను. అక్కడ ఓపిగ్గా కూర్చోబెట్టి, నేవీ సెయిలర్ల రికార్డులన్నీ ముంబైలో మాన్‌ఖుర్ద్ దగ్గర చీతా క్యాంపులో ఉంటాయని, దరఖాస్తులో ఏమేం రాయాలో చెప్పారు. సర్వీసు నంబరు, ర్యాంకు, చేరిన తేదీ, బయటికి వచ్చిన తేదీ, పెన్షన్ కాగితం నకలు. మధ్యలో ఒకచోట మా దరఖాస్తు తిరిగివచ్చింది. ఏ ఆఫీసు అన్నది ఇక్కడ అవసరం లేదు. ఆధార్‌లో ఇంటిపేరు పూర్తిగా ఉంది, పాత కాగితాల్లో ఒక్క అక్షరమే ఉంది, ఇద్దరూ ఒకరే అని రుజువు పెట్టమన్నారు. నోటరీ దగ్గర అఫిడవిట్ రాయించి మళ్ళీ పంపేసరికి రెండు నెలలు పోయాయి. 58 ఏళ్ళ మనిషి, నేను నేనే అని స్టాంపు పేపర్ మీద సంతకం పెడుతుంటే నాకు చాలా బాధ అనిపించింది. చివరికి జవాబు వచ్చింది: 1993 ఫిబ్రవరి నుంచి 1996 జనవరి దాకా ఐఎన్ఎస్ శక్తి.

ఓడ ఆ మూడేళ్ళలో ఎక్కడెక్కడికి పోయింది అన్నదానికి వేరేగా సమాచార హక్కు చట్టం కింద అడిగాను. పది రూపాయల పోస్టల్ ఆర్డరు, 30 రోజుల గడువు. ఓడ లాగ్ పుస్తకాలు ఇవ్వలేమని, నౌకాదళమే ప్రచురించిన చరిత్ర సంపుటాలు చూసుకోమని రాశారు. 25 ఏళ్ళు దాటిన రికార్డులను మామూలుగా బయటపెట్టాలని 2021లో రక్షణ శాఖ ఒక విధానం తెచ్చింది. అందుకని ముందు ముందు మనలాంటి వాళ్ళకు దారి ఇంకొంచెం తెరుచుకుంటుందని నా ఆశ.

ఆ సంపుటాలు చదువుతుంటేనే నాకు ఒక సంగతి అర్థమైంది. ట్యాంకర్ పేరు ఎప్పుడూ వరుసలో చివర ఉంటుంది. యుద్ధనౌకల పేర్లు, వాటి కెప్టెన్లు, చేసిన పని అన్నీ చెప్పి, ఆఖర్న "శక్తి కూడా వెంట వెళ్ళింది" అని వదిలేస్తారు. మొదట నాకు కోపం వచ్చింది. ఆ తర్వాత దాన్నే వెతికే పద్ధతిగా మార్చుకున్నాను. మన ఓడలు సొంత తీరానికి దూరంగా, రోజుల తరబడి పోయిన సందర్భాలన్నీ ముందు రాసుకోవాలి. తర్వాత ఆ వరుసల చివరి పేరు చూడాలి. అక్కడ దీపకో శక్తో కనబడుతుంది. ఎందుకంటే యుద్ధనౌకలో పట్టే చమురు కొన్ని రోజులకే వస్తుంది. నడి సముద్రంలో నింపేవాళ్ళు లేకపోతే ఎంత గొప్ప ఓడైనా సగం దారిలో వెనక్కి తిరగాల్సిందే.

అలా దొరికాయి. 1992 డిసెంబర్‌లో సోమాలియా రాజధాని మొగదిషుకు వెళ్ళిన మన మూడు ఓడలు దీపక్, కుఠార్, చీతా. 1994 డిసెంబర్‌లో, అక్కడ ఐక్యరాజ్యసమితి తరఫున పనిచేసిన మన సైనిక బ్రిగేడ్ ఇంటికి తిరిగివస్తుంటే తోడుగా వెళ్ళినవి గంగ, గోదావరి, శక్తి.

1994 డిసెంబర్! బాపు ఓడ మీద ఉన్న కాలమే.

పుస్తకం పట్టుకుని పరుగున పోయి అడిగాను. "బాపూ, నువ్వు సోమాలియా పోయినవా?"

"పోయినం."

"మరి ఎన్నడూ చెప్పలేదేంది?"

"ఏం చెప్పాలె? నేను బాయిలర్ రూముల ఉన్న. వాచ్ డ్యూటీ అయినంక పైకొచ్చి చూస్తే దూరంగ నేల గీత లెక్క కనబడ్డది. గంతే నేను చూసిన సోమాలియా." కాసేపు ఆగి నవ్వాడు. "మన దిక్కు గోదారినే గంగ అంటం గదా. మా ఓడ మీద ఉత్తరాది పోరడు ఒకడు ఉండె. మాకు గంగన్నా గోదారన్నా ఒకటేరా అని నేనంటే, అదెట్లా, కిటికీల నుంచి చూడు, రెండు వేరే వేరే పోతున్నయి గదా అనేటోడు."

ఆ రాత్రి మొదటిసారి ఆయన నోరు విప్పి తన పని చెప్పాడు. మా వాడి పెన్సిల్ డబ్బా, నా కళ్ళద్దాల డబ్బా తీసుకుని నేల మీద పక్కపక్కన పెట్టాడు.

నడి సముద్రంలో ఓడకు చమురు పోసే పనిని నేవీలో 'రాస్' అంటారట. ఓడలు ఆగవు. రెండూ ఒకే దిక్కుకు, ఒకే వేగంతో, పన్నెండు నాట్ల లెక్కన, అంటే గంటకు సుమారు 22 కిలోమీటర్ల చొప్పున పోతుంటాయి. మధ్యలో ఎడం ముప్పై నలభై మీటర్లు. మా వీధిలో ఈ చివర ఇంటికీ ఆ చివర ఇంటికీ అంతకంటే ఎక్కువ దూరం ఉంటుంది. ట్యాంకర్ తన దారి, తన వేగం మార్చకుండా పోవాలి. చమురు కావాల్సిన ఓడ వెనక నుంచి వచ్చి పక్కన కలవాలి. ముందు తుపాకీతో సన్నటి తాడు అవతలి ఓడ మీదికి కొడతారు. ఆ సన్న తాడుకు కట్టి దానికంటే లావు తాడు, దానికి కట్టి ఇంకా లావుది, చివరికి ఉక్కు తాడు. ఆ ఉక్కు తాడుకు వేలాడుతూ హోస్ పైపు జారుకుంటూ వెళ్తుంది. దానితోపాటు ఇంకో తాడు కూడా పోతుంది. దానికి కొంత కొంత ఎడంలో గుర్తు జెండాలు ఉంటాయి. వాటిని చూసే రెండు ఓడల మధ్య దూరం ఎంతుందో ప్రతి క్షణం తెలుసుకుంటారు. చమురు పారుతున్నంతసేపూ పైన ఎర్ర జెండా ఎగురుతూ ఉంటుంది. మోటలో జోడెద్దులు అడుగులో అడుగు కలిపి నడిచినట్టు రెండు ఓడలూ అలా గంటల తరబడి నడవాలి.

"దగ్గరికొస్తే నీళ్ళు గుంజుతయి" అని చెప్పి బాపు రెండు డబ్బాలనూ టక్కున తగిలించాడు. రెండు పెద్ద ఓడల నడుమ ఇరుకులో నీళ్ళు వేగంగా పారతాయి. ఆ వేగానికి అక్కడ ఒత్తిడి తగ్గి, ఓడలు ఒకదాని వైపు ఒకటి లాక్కున్నట్టు జరుగుతాయి. ఏ కొంచెం తేడా వచ్చినా తాళ్ళన్నీ వదిలేసి విడిపోవాలి. దానికి వేరే డ్రిల్లు ఉంటుంది.

"అప్పుడు నువ్వేం చేస్తుంటివి తాతా?" అని మా వాడు అడిగాడు.

"నేను అద్దం చూస్తుంటి."

నాకూ అర్థం కాలేదు. శక్తి ఆవిరి ఓడ. కింద బాయిలర్లలో నీళ్ళు మరిగి ఆవిరి అవుతుంది, ఆ ఆవిరి టర్బైన్‌ను తిప్పుతుంది, టర్బైన్ పంకాను తిప్పుతుంది. బాయిలర్‌లో నీళ్ళు ఎంత మట్టంలో ఉన్నాయో చూపించడానికి గేజ్ గ్లాస్ ఉంటుంది. జానెడు పొడవు అద్దం గొట్టం, లోపల నీళ్ళ గీత. ఓడ ఊగితే ఆ గీత కూడా పైకీ కిందికీ ఊగుతుంది. ఊగేది ఏది, నిజంగా తగ్గేది ఏది అని కళ్ళతోనే పోల్చుకోవాలి. మట్టం మరీ పడిపోతే గొట్టాలు కాలిపోతాయి. మరీ ఎక్కువైతే ఆవిరితోపాటు నీళ్ళు టర్బైన్‌లోకి పోతాయి. రాస్ జరిగేటప్పుడు పై నుంచి చెప్పిన పంకా చుట్ల లెక్క ఒక్కటి కూడా మారకూడదు. ఆవిరి ఒత్తిడి తగ్గబోతోందని అనిపించగానే బాయిలర్‌లోకి నూనె చిమ్మి మండించే స్ప్రేయర్ ఇంకొకటి వెలిగించాలి, పెరగబోతే ఆర్పాలి. ముల్లు కదిలినాక చేస్తే ఆలస్యమైనట్టే, కదలబోయేముందే చేయాలి అన్నాడు. ఆ గదిలో వేడికి రామగుండం ఎండ కూడా చల్లగా అనిపిస్తుందట. మెడకు తడి తువ్వాల చుట్టుకుని నాలుగు గంటల వాచ్. పైన ఎర్ర జెండా ఎగురుతోందని, పక్కన నలభై మీటర్ల దూరంలో గోదావరి నడుస్తోందని ఆయనకు కనబడేది కాదు. అద్దం గొట్టంలో నీళ్ళ గీత ఒక్కటే కనబడేది.

మా ఇంట్లో బోరు మోటారు వేయగానే బాపు వెళ్ళి దాని మీద అరచేయి పెట్టి కాసేపు నిలబడతాడు. చిన్నప్పటి నుంచి చూస్తున్నాను. ఎందుకో ఆ రోజు తెలిసింది.

ఇక ఉత్తరాల సంగతి. ఈ పనిలో నాకు అన్నిటికంటే విలువైనవి అవే. సోమాలియా ఒక్కటి పుస్తకంలో దొరికింది. మిగతా మూడేళ్ళూ ఎట్లా? అప్పుడు అమ్మ బీరువాలోంచి స్టీలు డబ్బా ఒకటి తెచ్చి నా ముందు పెట్టింది. నీలం ఇన్‌ల్యాండ్ లెటర్లు, 71. 1993 నుంచి 1996 దాకా బాపు పరకాల దగ్గరి మా ఊరికి రాసినవి. వచ్చిన వరుసలోనే దారం కట్టి పెట్టింది.

వాటిలో ఓడ ఎక్కడుందో ఒక్క ముక్క ఉండదు. రాయకూడదు కూడా. అన్నీ ఒకటే మాదిరి: "ఇచ్చట నేను క్షేమం, అచ్చట మీరందరు క్షేమమని తలుస్తాను." వానలు పడ్డాయా, బర్రె ఈనిందా, పాపకు టీకా వేయించావా. ఆ పాపను నేనే. చదువుతుంటే కళ్ళు నిండాయి కానీ, ఓడ చరిత్రకు ఏమీ దొరకలేదు అనిపించింది.

నాలుగో రోజు గమనించాను. ఉత్తరం లోపల బాపు వేసిన తేదీ ఒకటి, బయట పోస్టాఫీసు ముద్ర తేదీ ఇంకొకటి. కొన్నిటికి రెండు రోజులే తేడా. అంటే రాసిన వెంటనే పోస్టు అయ్యింది, ఓడ రేవులో ఉంది. కొన్నిచోట్ల మాత్రం నాలుగైదు ఉత్తరాలు వేర్వేరు రోజుల్లో రాసినవి, ముద్ర మాత్రం అన్నిటి మీదా ఒకే రోజుది. సముద్రం మీద ఉన్నప్పుడు రాసి దాచుకుని, రేవుకు చేరాక సంచిలో పడేసిన ఉత్తరాలు అవి. 1994 డిసెంబర్ 9, 14, 20, 26 తేదీల్లో రాసిన నాలుగింటి మీద 1995 జనవరి మొదటి వారం ముద్ర ఉంది. సోమాలియా ప్రయాణం అక్కడ అచ్చు గుద్దినట్టు ఉంది!

అప్పటి నుంచి భూతద్దం పెట్టుకుని కూర్చున్నాను. అరిగిపోయిన ముద్రల మీద టార్చి లైటు పక్క నుంచి వేస్తే అంకెలు కొంచెం పైకి కనబడతాయి, ఇది మా వాడు కనిపెట్టిన ఉపాయం. మూడు గళ్ళు గీసుకున్నాను: రాసిన తేదీ, ముద్ర తేదీ, మధ్య రోజులు. మధ్య రోజులు పదికి మించినచోటల్లా ఎర్ర పెన్నుతో సున్నా చుట్టాను. మొత్తం పదకొండు సున్నాలు వచ్చాయి. ఒక్కోటి బాపుకు చదివి వినిపిస్తే, "ఆ, గప్పుడు అండమాన్ దిక్కు" అనో, "గది ఎక్సర్‌సైజు, రోజుకు ముగ్గురికి పోసినం" అనో చెప్పేవాడు. తేదీ చెబితే మనసులో ఏదో తలుపు తెరుచుకునేది. ఊరికే "ఏం చేసినవు" అని అడిగితే ఇన్నేళ్ళూ ఏమీ రాలేదు. పెద్దవాళ్ళను అడిగేవాళ్ళు ఇది గుర్తుపెట్టుకోవాలి. తేదీ పట్టుకుని అడగండి.

ఫిబ్రవరిలో వరంగల్‌లో గోదావరి ఎక్స్‌ప్రెస్ ఎక్కి ఇద్దరం విశాఖపట్నం పోయాం. బాపుతో ఓడలో చేసిన ఒకాయన అక్కడే స్థిరపడ్డాడు. స్టేషన్‌కు తెల్లవారుజామునే వచ్చి నిలబడ్డాడు. ఇద్దరూ పట్టుకుని ఏడ్చారు. నేను కొంచెం దూరం జరిగాను. ఆయన దగ్గర మూడు నలుపు తెలుపు ఫొటోలు ఉన్నాయి. ఒకదాంట్లో శక్తి డెక్కు, పైన హోస్ పైపులు వేలాడే ఎత్తు స్తంభాలు, కింద వరుసలో బనియన్లతో కుర్రాళ్ళు. చివర నుంచి రెండో మనిషి మా బాపు. మీసం కూడా సరిగా రాలేదు.

సాయంత్రం ఆర్కే బీచ్‌లో కుర్సురా జలాంతర్గామి చూశాం. 1969లో చేరి 2001లో రిటైరైన ఆ జలాంతర్గామిని మరుసటి ఏడాది నుంచే మ్యూజియంగా ఉంచారు. బాపు దాని ఉక్కు గోడ మీద అరచేయి పెట్టి కొంచెంసేపు నిలబడ్డాడు. దేశంలో ఏ తీరంలోనైనా ఒక పాత ట్యాంకర్‌ను కూడా అట్లా నిలబెడితే, ఆ పంపులు, ఆ బాయిలర్ రూము పిల్లలకు చూపిస్తే ఎంత బాగుండును! నేను మనస్ఫూర్తిగా కోరుకుంటున్నాను.

అక్కడే కూర్చుని నోట్‌బుక్ కుడి పేజీ, అంటే కొత్త ఓడల సంగతి చదివి వినిపించాను. 1996లో రష్యాలోని సెయింట్ పీటర్స్‌బర్గ్ నుంచి జ్యోతి అనే ట్యాంకర్ వచ్చింది. 2000లో కోల్‌కతాలోని గార్డెన్ రీచ్‌లో కట్టిన ఆదిత్య చేరింది. 2013 చివర్లో విమానవాహక నౌక విక్రమాదిత్యను రష్యా నుంచి తెచ్చేటప్పుడు వెంట వచ్చింది కొత్త దీపక్. కొత్త శక్తి బరువు 27,500 టన్నులు, పొడవు 175 మీటర్లు, ఒకేసారి నాలుగు ఓడలకు పోయగలదు, గంటకు 1,500 టన్నులు. ఇద్దరు ముసలివాళ్ళూ నన్ను ఆపారు. "గంటకా?" అన్నాడు బాపు. నేను లెక్క కట్టి చెప్పాను: రోడ్డు మీద మనం చూసే 20 వేల లీటర్ల డీజిల్ లారీలు దాదాపు 90. "తొంబై లారీలు, ఒక్క గంటల" అని బాపు ఆయనకు మళ్ళీ చెప్పాడు, ఆయన విననట్టు. ఇంకా ఐదు ఓడలు ఇక్కడే హిందుస్థాన్ షిప్‌యార్డులో కట్టడానికి 2023 ఆగస్టులో ఒప్పందం అయ్యిందని, ఒక్కోటి 44,000 టన్నులని, 2024 ఏప్రిల్‌లో మొదటి ఓడకు ఉక్కు కోయడం మొదలైందని ఆయనే చెప్పాడు. షిప్‌యార్డు గోడ ఎక్కడుందో చేత్తో చూపించాడు.

పాత శక్తి పేజీలో 1996 జనవరి తర్వాతది కూడా రాశాను, బాపు దిగిపోయినా ఓడ ఉంది కాబట్టి. 2006 జులైలో లెబనాన్ మీద బాంబులు పడుతుంటే, మధ్యధరా సముద్రం నుంచి ఇంటికి తిరిగివస్తున్న మన నాలుగు ఓడలను బేరూట్ వైపు తిప్పారు. ముంబై, బ్రహ్మపుత్ర, బేత్వా, శక్తి. దాదాపు 2,280 మందిని బయటికి తెచ్చారు, మనవాళ్ళే కాదు, శ్రీలంక, నేపాల్ వాళ్ళు కూడా. ఆ వార్త వచ్చిన రోజు బాపు బ్యాంకు గేటు దగ్గర డ్యూటీలో ఉన్నాడట. పేపర్‌లో నాలుగో పేరు చూసి, ఆ ముక్క చించి పర్సులో పెట్టుకున్నాడు. ఇంటికి రాగానే పర్సు తీసి చూపించాడు. మడతల దగ్గర అక్షరాలు పోయాయి, శక్తి అన్న పేరు మాత్రం నిలిచింది. ఇంకో ఏడాదికి ఓడ కూడా వెళ్ళిపోయింది.

ఇంక ఒకటే మిగిలింది. 1995లో మే మొదటి వారం నుంచి జులై మొదటి వారం దాకా ఒక్క ఉత్తరం లేదు. తర్వాత పోస్టు చేసిన కట్ట కూడా లేదు. అంత పెద్ద ఖాళీ మూడేళ్ళలో ఇంకెక్కడా లేదు. పెద్ద ప్రయాణమే అయ్యుంటుందని మూడు వారాలు వెతికాను. లైబ్రరీలో ఆ రెండు నెలల పాత పేపర్లు తిరగేశాను, సంపుటాల్లో 1995 మొత్తం మళ్ళీ చదివాను. ఏ వరుస చివరా శక్తి దొరకలేదు. బాపు కూడా తల గోక్కున్నాడు, యాదికి వస్తలేదన్నాడు.

ఒక ఆదివారం పొద్దున అమ్మ చిక్కుడుకాయలు ఒలుస్తూ నా పక్కన కూర్చుంది. నోట్‌బుక్‌లో ఆ ఎర్ర సున్నా చూసి, "గిదేంది, ఇంత పెద్దగ పెట్టినవు?" అని అడిగింది. చెప్పాను.

"పిచ్చి బిడ్డా, గప్పుడు లీవుల ఇంట్లనే ఉన్నడు. ఇంటి స్లాబ్ పోయించినం గదా. పక్కన ఉన్నోడు నాకు ఉత్తరమెందుకు రాస్తడు?"

ఆ స్లాబ్ పోసినప్పుడు నాకు ఐదేళ్ళు. తడి ఇసుక కుప్ప మీద ఆడుకోవడం, ఎవరో మనిషి పైకి కిందికి తట్టలు అందిస్తుండటం నాకు కొంచెం గుర్తుంది. అది బాపు అని అనుకోలేదు. పెన్ను తీసుకుని ఆ సున్నా పక్కన రాశాను: 1995 మే, జూన్. ఊర్లో. ఇంటి స్లాబ్.

బాపు కళ్ళద్దాలు పెట్టుకుని చదివి, పక్కనే తన చేత్తో ఇంకో ముక్క కలిపాడు: "42 బస్తాల సిమెంటు."